పుల్లన్న తల ఆడించిన రోజు

రండర్రా, దగ్గరగా జరిగి కూర్చోండి. వెనక గోడకు ఆనుకున్నవాళ్ళు కూడా ముందుకు రండి, ఇది గొంతు పెంచి చెప్పే కథ కాదు. పుస్తకాల సంచులు పక్కన పెట్టండి. నవ్వొచ్చిన చోట నవ్వుకోండి, నేనేమీ అనను. కానీ మధ్యలో లేచిపోవద్దు. సగం విని వెళ్ళినవాళ్ళు దీన్ని తమాషా కథ అనుకుంటారు.

కొండ దిగువన వాగు వంపు తిరిగే చోట తుమ్మల మడుగు అని ఒకటి ఉండేది. దాని చుట్టూ మేకలు, ఆవులు, గేదెలు బతికేవి. ఎండాకాలంలో ఆ దరిదాపుల్లో ఇంకెక్కడా చుక్క నీరు దొరకదు. అందుకని ఏటా ఎండలు ముదరగానే మడుగు దగ్గర కొట్లాట మొదలయ్యేది.

"ముందు వచ్చింది మేము!" అని మేకలు అరిచేవి.

"వస్తే వచ్చారు. ఆ బెత్తెడు మూతులకు అంత తొందరేం?" అంటూ గేదెలు నీళ్ళలోకి దిగి కూర్చునేవి. గేదెలు దిగాయంటే ఇంకేముంది, మడుగంతా బురద. ఆ బురద తాగలేక, దాహానికి ఆగలేక ఆవులు గట్టు మీద నిలబడి అంబా అని మొత్తుకునేవి.

ఆ రోజుల్లో అక్కడికి ఒక ఎద్దు వచ్చింది. పేరు పుల్లన్న. పదేళ్ళు అరక లాగి మెడ మీద కాయ కాచినవాడు. వయసు మళ్ళుతోందని యజమాని పలుపు విప్పి వదిలేశాడు. పుల్లన్న రెండు రోజులు ఆ రభస చూశాడు. మూడో రోజు తెల్లవారగానే వెళ్ళి మడుగు దారికి అడ్డంగా నిలబడ్డాడు.

"మేకలు ముందు," అన్నాడు. "వాటి మూతులు చిన్నవి, నీళ్ళు కదలవు. తర్వాత ఆవులు. చివర గేదెలు."

గేదెల్లో పెద్దది సుంకులమ్మ. ఆమె బుస్సుమంది. "ఏరా, నిన్న కాక మొన్న వచ్చావు. నా కొమ్ముల వయసు లేదు నీకు. నేను చివర తాగాలా?"

"నువ్వే చివర, అత్తా. కానీ నీ తర్వాత తాగేవాళ్ళు ఉండరు కదా? పొద్దుగూకేదాకా హాయిగా నీళ్ళలో పడుకో. లేవమనేవాడెవడు?"

సుంకులమ్మ నెమరు వేస్తూ ఆలోచించింది. "మాట బాగానే ఉంది. చెప్పేవాడి మొహమే బాగాలేదు," అంది. అందరూ నవ్వారు. ఆ ఏడు మడుగు దగ్గర కొట్లాట జరగలేదు.

మరుసటి ఏడు పెద్దను ఎన్నుకునే రోజు వచ్చింది. అక్కడ ఎన్నిక అంటే, నిలబడ్డవాళ్ళ ముందు మెత్తటి మట్టి పరుస్తారు. ఎవరు కావాలనుకుంటే వాళ్ళ ముందు గిట్ట ముద్ర వేసి వెళ్ళాలి. పుల్లన్న ముందున్న మట్టిలో ముద్ర మీద ముద్ర పడి, చివరికి అక్కడ మట్టే కనిపించలేదు.

పుల్లన్న వీపు మీద ఎప్పుడూ ఒక గోరింక ఉండేది. తోలుకు పట్టి నెత్తురు పీల్చే గోమార్లను ఏరడం, ఈగలను పట్టడం దాని పని. ఆ పని చేస్తూనే మందలో కబుర్లన్నీ ఆయన చెవిలో వేసేది. దానికి మొహమాటం లేదు.

"మావా, మేకపోతుకు కాలు బెణికింది, చూసి రా."

"పద."

"మావా, నిన్న ఆ కర్రావు మీద ఊరికే అరిచావు. తప్పు దానిది కాదు, నీదే."

"నాదేనంటావా?"

"నాకు ముక్కుంది కాబట్టి చెబుతున్నాను. నీకు కాళ్ళున్నాయి, వెళ్ళి చెప్పుకో."

పుల్లన్న వెళ్ళేవాడు. "పొరపాటైందక్కా, మనసులో పెట్టుకోకు," అనేవాడు. కర్రావు నవ్వేసేది. అలా చెప్పడం అప్పట్లో ఆయనకు కష్టంగా ఉండేది కాదు.

ఆరేళ్ళు అలా గడిచాయి. తర్వాత ఆయన్ను ఎన్నుకుని పెద్దసభకు పంపారు. కొండ మీద జరిగే సభ అది. చుట్టూ ఉన్న పదిహేను చోట్ల నుంచి ఒక్కొక్కరు వెళతారు. ఏ తావుకు ఏం కావాలో, ఏ తావుకు ఏం పోవాలో అక్కడే తేలుతుంది. పుల్లన్న గెలిచిన మర్నాడే నక్క వచ్చింది. అది ఏ మందకూ చెందింది కాదు. ఎవరు గెలిస్తే వాళ్ళ వెనక నడుస్తుంది, అదే దాని వృత్తి.

"పుల్లన్నగారూ, నమస్కారమండీ."

పుల్లన్న వెనక్కి తిరిగి చూశాడు, ఇంకెవరైనా ఉన్నారేమోనని. పుట్టి బుద్ధెరిగాక ఆయన పేరు చివర గారు తగిలించినవాళ్ళు లేరు.

"మిమ్మల్నేనండీ," అంది నక్క. "కొండ మీద మర్యాదలు వేరు. ఎక్కడ నిలబడాలి, ఎవరికి ముందు దండం పెట్టాలి, ఇవన్నీ చెప్పడానికి పక్కన ఒకరుండాలి గదా. నేను ఊరికే చేస్తానండీ. మీలాంటివారి నీడలో ఉంటే చాలు."

"మావా, ఇది ఊరికే తోక కూడా ఊపదు. పంపించెయ్," అంది గోరింక.

"ఉండనీలే," అన్నాడు పుల్లన్న. ఆ 'గారు' అప్పటికే చెవిలోంచి లోపలికి దిగిపోయింది.

నిజం చెప్పాలంటే మొదటి రెండేళ్ళూ పుల్లన్న బాగానే చేశాడు. కొండ దారిలో ముళ్ళు కొట్టించాడు. వాగు గట్టు తెగితే సభలో అడిగి అడిగి పూడ్పించాడు. దిగి వచ్చిన ప్రతిసారీ మేకలు ఎదురెళ్ళి తీసుకొచ్చేవి.

మూడో ఏడు ఒక చిక్కు వచ్చింది. కొండకు అవతల అడవిపందుల దుంపల లోయ ఉంది. దానికి నీళ్ళు చాలడం లేదట. వాగును పైనే మళ్ళించి తమ లోయలోకి తిప్పమని పందులు సభకు అర్జీ పెట్టుకున్నాయి. వాగు అటు తిరిగితే తుమ్మల మడుగు ఎండిపోయినట్టే. నక్కతో పందులు ముందే మాట్లాడుకున్నాయి. దుంపలు తవ్వినప్పుడు కలుగుల్లోంచి బయటపడే ఎలుకలన్నీ నక్కవేనని మాటిచ్చాయి. ఈ సంగతి పుల్లన్నకు తెలియదు.

పెద్దసభలో తీర్మానం ఎలా జరుగుతుందో చెబుతాను, బాగా వినండి. ఏనుగు సభాపతి. విషయం చదివి "సరేనా?" అని అడుగుతుంది. ఒప్పుకున్నవాళ్ళు తల ఆడించాలి, ఒప్పుకోనివాళ్ళు తల కదపకుండా నిలబడాలి. నిలువుగా ఆడిందా, అడ్డంగా ఆడిందా అని ఎవరూ పట్టించుకోరు. ఏనుగుకు చూపు తక్కువ, లెక్కపెట్టే కోతులకు తొందర ఎక్కువ. లెక్క అయ్యాక ఏనుగు మూడుసార్లు తొండం ఎత్తి దించుతుంది. ఆ మూడూ అయ్యేలోపల ఎవరైనా లేచి "నా మాట అది కాదు" అనొచ్చు. మూడోసారి తొండం దిగాక ఇక మాట లేదు.

సభకు బయలుదేరే రోజు సుంకులమ్మ వచ్చింది. ఆమె పక్కనే ఆ ఏడు పుట్టిన దూడ ఉంది. ఆ వయసులో ఆమె మళ్ళీ ఈనుతుందని ఎవరూ అనుకోలేదు.

"ఒరే పుల్లా, నువ్వు వాళ్ళతో వాదించలేవు. పందుల నోరు పెద్దది. నువ్వేం మాట్లాడకు. తల కదపకుండా నిలబడు, చాలు."

"అంతేనా అత్తా? పదేళ్ళు కాడి కింద నిలబడ్డవాణ్ణి."

"అందుకే నిన్ను పంపాం," అంది సుంకులమ్మ. "నీళ్ళు లేకపోతే మా తోలు చీలిపోతుందిరా. నా సంగతి సరే, దీనికి పాలెక్కడినుంచి తేను?"

"నేనున్నాను కదా," అన్నాడు పుల్లన్న.

కొండ ఎక్కే దారిలో నక్క ఆగింది. చేతిలో ఆకుదొప్ప ఉంది.

"పుల్లన్నగారూ, ఇవాళ పెద్ద విషయం. అందరి కళ్ళూ మీ మీదే ఉంటాయి. కొమ్ములు చూడండి, ఎలా మాసిపోయాయో! కాస్త తేనె రాస్తాను, మెరుస్తాయి."

"కొమ్ములకు నూనె రాస్తారు గాని తేనె ఏమిటి?" అంది గోరింక.

"నూనె అరక ఎద్దులకు. సభ్యులకు తేనే," అంది నక్క. కొమ్ముల మొదట్లో, చెవుల అంచుల్లో దట్టంగా పూసింది. "ఇంకో మాటండీ. చెబితే ఏమనుకుంటారో. వీపు మీద పిట్టను వేసుకుని సభలోకి వెళితే, 'తుమ్మల మడుగు ఆయనకు ఒంటి నిండా గోమార్లట' అనుకుంటారు. పోయినసారి జింకలు నవ్వుకున్నాయి. నేను విన్నాను."

పుల్లన్న మొహం ఎర్రబడింది. గోరింక వైపు తల తిప్పాడు. తర్వాత మెల్లగా అన్నాడు.

"ఈ ఒక్కసారికి ఇక్కడే ఉండవే. సాయంత్రానికల్లా వచ్చేస్తాను."

గోరింక ఎగిరి రాయి మీద వాలింది. "నా మీద కోపం వస్తే చెప్పు మావా, దిగిపోతాను. సిగ్గేసి దించితే మాత్రం బాధగా ఉంది," అంది. పుల్లన్న విననట్టు ముందుకు నడిచాడు.

సభ మొదలైంది. ఎండ నడినెత్తిన ఉంది. ఏనుగు అర్జీ చదవడం మొదలుపెట్టగానే ఈగలు వచ్చాయి. ముందు రెండు, తర్వాత ఇరవై. కొమ్ముల చుట్టూ ముసిరాయి. పుల్లన్న పళ్ళు బిగబట్టి నిలబడ్డాడు. చర్మం జలదరిస్తోంది, తోక చెవుల దాకా అందదు. 'కదలను, కదలను,' అనుకుంటున్నాడు.

"వాగు మళ్ళింపు. సరేనా?" అంది ఏనుగు.

ఏడు తలలు ఆడాయి. ఎనిమిది ఆడలేదు. సరిగ్గా అప్పుడు ఒక జోరీగ చెవి లోపలికంటా దూరి కుట్టింది. పుల్లన్న ఆపుకోలేక తల విదిలించాడు. ఒక్కసారే.

"ఎనిమిది!" అంది కోతి. "ఎనిమిది సరే, ఏడు కాదు!"

ఏనుగు తొండం ఎత్తింది.

పుల్లన్న నోరు తెరిచాడు. పక్కనే ఉన్న నక్క ఆయన చెవిలోకి వంగింది.

"ఏమని చెబుతారండీ? ఈగ కుట్టిందంటారా? పెద్దసభలో, ఇంతమందిలో? తన తల తన మాట వినదని నవ్వరూ?"

తొండం దిగింది. మళ్ళీ లేచింది.

"మిమ్మల్ని ఉపసభాపతిని చేద్దామని అనుకుంటున్నారండీ. ఈగల పుల్లన్న అని పేరొస్తే చేస్తారా? మడుగు సంగతి తర్వాత మీరే ఉపసభాపతి హోదాలో సరిచేయొచ్చు గదా!"

రెండోసారి తొండం దిగింది. చెప్పాల్సిన మాట చాలా చిన్నది. "నా మాట అది కాదు." అంతే. కర్రావుతో అంతకంటే పెద్ద మాట ఎన్నిసార్లో చెప్పాడు. కానీ ఎదురుగా వరసగా నిలబడ్డ జింకల మొహాలు చూశాడు. నోరు మూసుకున్నాడు.

మూడోసారి తొండం దిగింది.

సాయంత్రం పుల్లన్న మెడలో మోదుగుపూల దండతో, ఉపసభాపతిగా కొండ దిగాడు. మేకలు ఎదురొచ్చాయి. గోరింక వీపు మీద వాలింది, అలక మరిచిపోయి.

"నిలబడ్డావా మావా?"

"నిలబడ్డాను," అన్నాడు పుల్లన్న.

అది ఆయన జీవితంలో మొదటి అబద్ధం. మొదటిది కాబట్టి అందరూ నమ్మారు.

ఆ ఏడు వేసవికి మడుగు సగమైంది. "పైన వానలు తక్కువ," అన్నాడు పుల్లన్న. మరుసటి ఏడు ఆవులు మోకాళ్ళ మీద కూర్చుని తాగాల్సి వచ్చింది. "మాట్లాడుతున్నాను, తేలుతుంది," అన్నాడు. మళ్ళీ ఎన్నిక వచ్చింది. "ఇన్నేళ్ళు పనిచేసినవాణ్ణి. ఈసారి కూడా పంపండి, వాగు సంగతి చూస్తాను," అన్నాడు. పంపారు. సుంకులమ్మ ఎండలో కుంటుకుంటూ వచ్చి ముద్ర వేసి వెళ్ళింది. ఉపసభాపతిగా ఆయన ఎన్నిసార్లు వాగు మాట ఎత్తినా ఏనుగు ఒకటే అనేది: "మూడోసారి తొండం దిగింది కదయ్యా."

ఆ తర్వాతి వేసవిలో మడుగు అడుగు బయటపడింది. గోరింకకు అనుమానం వచ్చి వాగు వెంట ఎగిరింది. కొండ మలుపులో వాగు అటు తిరిగి ఉంది. దుంపల లోయ పచ్చగా ఉంది. చెట్టు మీద కోతి కనిపించింది.

"ఇదేమిటి అన్నా? ఎప్పుడు తిప్పారు?"

"అదేమిటమ్మా అలా అడుగుతావు? మీ పుల్లన్నగారి తలేగా ఎనిమిదోది! నేనే లెక్కపెట్టాను."

గోరింక తిరిగొచ్చింది. ఈసారి వీపు మీద వాలలేదు. మడుగు మధ్యలో ఎండి పగిలిన మట్టి మీద వాలింది. అందరూ అక్కడే ఉన్నారు.

"మావా, ఆ రోజు తల ఆడించావా, లేదా?"

పుల్లన్న ఇటూ అటూ చూశాడు. నక్క పక్కన లేదు. ఆ నెలలోనే అది పందుల పెద్ద వెనక నడవడం మొదలుపెట్టింది.

"ఈగ కుట్టింది," అన్నాడు పుల్లన్న. "జోరీగ. చెవిలో. నేను కావాలని ఆడించలేదు. మీ మీద ఒట్టు."

"మరి మూడు తొండాలు?"

పుల్లన్న గిట్టతో ఎండిన మట్టిని గీశాడు.

"మూడుసార్లు లేచి మూడుసార్లు దిగింది కదా మావా. అంతసేపు ఏం చేశావు?"

"నవ్వుతారని..."

మేకలు తిడతాయనుకున్నాడు, ఆవులు కుమ్ముతాయనుకున్నాడు. అదేమీ జరగలేదు. సుంకులమ్మ మాత్రం తోలు చీలిన మెడ మెల్లగా ఎత్తి చూసింది.

"ఆ సాయంత్రమే వచ్చి ఈగ కుట్టిందని మాతో చెప్పినా అయిపోయేది కదరా," అంది. "మేమూ నవ్వేవాళ్ళం. నవ్వుకుని, వాగు ఆరేలోపలే ఇంకో చోటు వెతుక్కునేవాళ్ళం. అప్పుడు నా దూడకు నడిచే ఓపిక ఉండేది."

ఆ దూడ లేదు. పోయిన వేసవిలోనే పోయింది.

పుల్లన్న ఆ క్షణమే కొండెక్కాడు. సభ లేకపోయినా ఏనుగు ముందు నిలబడి అరిచాడు. "నా మాట అది కాదు! ఆ రోజు నన్ను ఈగ కుట్టింది!"

అక్కడున్న జింకలు నవ్వలేదు. వాటికి ఆ రోజు గుర్తే లేదు. "ఏ రోజు?" అని ఒకదాన్నొకటి అడిగాయి. ఏ నవ్వుకు భయపడి ఆయన మడుగును పోగొట్టాడో, ఆ నవ్వు ఎవరి మొహంలోనూ లేదు. ఏనుగు పాపం అన్నట్టు చూసి, తొండంతో దారి చూపించింది.

దారిలో నక్క ఎదురైంది. పందుల పెద్దకు ఆకుతో విసురుతోంది.

"ఏం పుల్లా, బాగున్నావా?" అంది. విసరడం ఆపలేదు.

దిగి వచ్చేసరికి మంద బయలుదేరి ఉంది. దక్షిణాన రెండు రోజుల నడక దూరంలో ఒక నీటి చెలమ ఉందని గోరింక చూసి వచ్చింది. మేకలు, ఆవులు, వెనక గేదెలు. పుల్లన్న దూరంగా ఆగిపోయాడు. ఏ మొహం పెట్టుకుని వెళతాడు? మెడలో పాత దండ తాడు ఇంకా వేలాడుతోంది. దాన్ని ఒక తుమ్మ కొమ్మకు రాసి తెంపేశాడు.

"అత్తా," అని పిలిచాడు. "నేనూ రానా?"

సుంకులమ్మ ఆగింది. చాలాసేపు ఆయన వైపే చూసింది. ఆ చూపులో కోపం ఉంటే బాగుండేదని పుల్లన్నకు అనిపించింది.

"రా నాయనా. నిన్ను ఎండకు వదిలేసి ఎక్కడికి పోతాం?" అంది. "కానీ ముందు నడవకు."

పుల్లన్న తల వంచుకుని అందరి వెనకా నడిచాడు. వాళ్ళ కాళ్ళు లేపిన దుమ్ము ఆయన కళ్ళలో పడుతోంది. మొహం తిప్పుకోలేదు.

నక్కకు ఏమైందని అడగబోతున్నారు, నాకు తెలుసు. ఏమీ కాలేదు. ఎలుకలు తింటూ బాగానే ఉంది. అన్ని కథల్లోనూ దానికి శిక్ష పడాలని లేదర్రా.

గుర్తుంచుకోవాల్సింది ఒక్కటే: పొరపాటును అప్పటికప్పుడే ఒప్పుకుంటే ఒక నవ్వుతో పోతుంది, దాచిపెడితే దాని బరువు మనల్ని నమ్మినవాళ్ళు మోయాలి.

ఇక లేవండి. పొయ్యి మీంచి దించిన అన్నం మీ కోసం చూస్తూ ఉంటుంది. చేతులు కడుక్కుని, వేడిగా ఉండగానే తినండి.